విట్టోరియో స్టొరారో: తాను తీసిన బొమ్మ అంచులను ఛాయాగ్రాహకుడు తానే కత్తిరించవచ్చా?

తెరవెనుక

సభ్యులందరికీ నమస్కారం. మా ఊళ్లో కొద్దిమందిమి కలిసి నడుపుకుంటున్న ఫిల్మ్ సొసైటీలో ఫ్రాన్సిస్ ఫోర్డ్ కప్పోలా తీసిన వియత్నాం యుద్ధచిత్రం 'అపోకలిప్స్ నౌ' (1979) ప్రదర్శించాలనుకుని, నా దగ్గరున్న పాత డీవీడీనీ 2010లో వచ్చిన బ్లూరేనీ ఒకదాని తర్వాత ఒకటి వేసి చూశాను. చిత్రం ఒకటే అయినా బొమ్మ వెడల్పు వేరుగా ఉంది. డీవీడీలో ఎత్తుకు సరిగ్గా రెండింతల వెడల్పు కనిపిస్తే, బ్లూరేలో అది 2.35 రెట్లు ఉంది. అంటే డీవీడీలో రెండు పక్కలా కలిపి సుమారు 15 శాతం బొమ్మ లేదు. డీవీడీ తయారుచేసినవారి పొరపాటు అనుకున్నాను. అది పొరపాటు కాదనీ, అలా కత్తిరించాలని పట్టుబట్టినది ఆ చిత్రానికి ఛాయాగ్రహణం చేసిన విట్టోరియో స్టొరారోయేననీ చదివి తెలుసుకున్నాక, రెండు మూడు రోజులు ఆ ఆలోచన నన్ను వదల్లేదు.

ఆయన గురించి తెలియనివారి కోసం నాలుగు మాటలు. స్టొరారో 1940 జూన్ 24న రోమ్‌లో పుట్టారు. తండ్రి లక్స్ ఫిల్మ్ సంస్థలో ప్రొజెక్టరు నడిపేవారు. పదకొండేళ్ల వయసులో ఫొటోగ్రఫీ చదువు మొదలుపెట్టి, రోమ్‌లోని సినిమా శిక్షణాలయం చెంత్రో స్పెరిమెంతాలేలో చేరి, చిన్న వయసులోనే కెమెరా ఆపరేటరయ్యారు. ఇటలీ చిత్రపరిశ్రమ ఇబ్బందుల్లో పడ్డ కాలంలో మళ్లీ ఒక మెట్టు కిందికి దిగి, బెర్నార్డో బెర్తొలూచ్చి తీసిన 'బిఫోర్ ద రెవల్యూషన్' (1964)కు కెమెరా సహాయకుడిగా పనిచేశారు. ఆ పరిచయం తర్వాత మూడు దశాబ్దాలు సాగింది. 'అపోకలిప్స్ నౌ', 'రెడ్స్' (1981), 'ద లాస్ట్ ఎంపరర్' (1987) చిత్రాలకు మూడు ఆస్కార్లు అందుకున్నారు.

ఇంతటి మనిషి, అప్పటికి ఇరవై ఏళ్ల కిందట తాను ఎంతో శ్రమపడి కూర్చిన ఫ్రేమును తానే కుదించుకున్నారు. అందుకు ఆయనకు హక్కు ఉందా? ఒకసారి ప్రేక్షకుల ముందుకు వెళ్లిపోయిన చిత్రం మీద ఛాయాగ్రాహకుడి అధికారం ఎంతవరకు? అనుభవజ్ఞుల అభిప్రాయాలు తెలుసుకోవాలని ఈ చర్చ మొదలుపెడుతున్నాను.

రసాయనశాల

తెరవెనుక గారూ, చెన్నైలో ఒక కలర్ ల్యాబులో ముప్పై ఏళ్లు పనిచేసి విశ్రాంతి తీసుకుంటున్న మనిషిని నేను. ఫ్రేము సంగతికి తర్వాత వస్తాను. ముందు, స్టొరారో పేరు మాలాంటివారికి ఎలా తెలిసిందో చెప్పాలి. ల్యాబులో మేము ఆయన్ను ఒక రసాయనిక పద్ధతి ద్వారా గుర్తుపెట్టుకున్నాము. దాని పేరు ఇ.ఎన్.ఆర్. రోమ్‌లోని టెక్నికలర్ ల్యాబులో దాన్ని రూపొందించిన ఎర్నెస్తో నొవెల్లి రైమొండ్ పేరులోని తొలి అక్షరాలే ఆ మూడు అక్షరాలు. మొదట వాడింది 'రెడ్స్' ప్రింట్లకు.

కలర్ ప్రింటును కడిగేటప్పుడు, డెవలపరులో రంగులతో పాటు లోహపు వెండి కూడా ఏర్పడుతుంది. బ్లీచు ఆ వెండిని మళ్లీ కరగడానికి వీలైన లవణంగా మారుస్తుంది, ఫిక్సరు దాన్ని కరిగించి బయటికి తీసుకుపోతుంది. చివరికి పొర మీద రంగులు మాత్రమే మిగులుతాయి. ఇ.ఎన్.ఆర్. పద్ధతిలో బ్లీచుకూ ఫిక్సరుకూ మధ్య ఇంకొక తొట్టి పెడతారు, అందులో నలుపు-తెలుపు డెవలపరు ఉంటుంది. బ్లీచు మార్చిన లవణంలో కొంత భాగం అక్కడ మళ్లీ వెండిగా మారి, ఫిక్సరుకు అందకుండా ప్రింటులోనే నిలిచిపోతుంది. నీడలు ఎక్కువగా ఉన్నచోట వెండి ఎక్కువ చేరుతుంది కాబట్టి నలుపు చిక్కబడుతుంది, రంగులు కాస్త అణుగుతాయి, గుడ్డల నేత, ముఖాల మీది గీతలు తేటగా కనిపిస్తాయి. ఆ తొట్టిలోని మందు పాళ్లను మార్చుకుంటూ ఎంత వెండి నిలపాలో నిర్ణయించుకోవచ్చు. బ్లీచును పూర్తిగా మానేసే పద్ధతిలో ఆ పట్టు ఉండదు.

ఇది నెగటివుకు చేసే పని కాదు, ప్రతి ప్రింటుకూ విడిగా చేయాలి. వంద ప్రింట్లు తీస్తే వందసార్లూ అదే పాళ్లు నిలబెట్టాలి, వెండి సాంద్రతను ప్రతిసారీ కొలవాలి. ఒక ఛాయాగ్రాహకుడు తన బాధ్యత షూటింగుతో తీరిపోయిందనుకోకుండా, ఎక్కడో ఒక ఊళ్లో ఆడే ప్రింటులోని నలుపు గురించి కూడా ఆలోచించాడంటే ఆయన మీద నాకు అపారమైన గౌరవం. తరువాత 'సేవింగ్ ప్రైవేట్ రయన్' (1998) వంటి చిత్రాలకు ఇదే పద్ధతిని వాడారు.

తైలవర్ణం

నేను చిత్రలేఖనం బోధిస్తాను. స్టొరారో ప్రస్తావన వచ్చింది కాబట్టి 'ద కన్ఫార్మిస్ట్' (1970) గురించి చెప్పకుండా ఉండలేను. ఆ చిత్రం విడుదలైన ఏడాదికి ఆయనకు ముప్పై ఏళ్లు, బెర్తొలూచ్చికి ఇరవై తొమ్మిది.

అందులో ఒక దృశ్యాన్ని నేను ఏటా విద్యార్థులకు చూపిస్తాను. ఫాసిస్టు ప్రభుత్వానికి పనిచేస్తున్న మార్చెల్లో క్లెరిచి, పారిస్‌లో ప్రవాసంలో ఉన్న తన పాత గురువు క్వాద్రిని కలవడానికి వెళ్తాడు. ఆయన్ను చంపించడానికి సహకరించడం అతని పని. గదిలోకి వెళ్లిన క్లెరిచి, ఒకప్పుడు మీరు తరగతిలోకి రాగానే కిటికీలు మూసేసేవారని గుర్తుచేస్తూ ఒక కిటికీ తలుపు మూసేస్తాడు. గది చీకటి పడుతుంది, రెండో కిటికీ ఒక్కటే వెలుగుతుంది. ఆ వెలుగులో నిలబడి అతడు ప్లేటో చెప్పిన గుహ కథను, గొలుసులతో కట్టివేయబడి గోడ మీది నీడలనే నిజమనుకునే ఖైదీల కథను చెబుతాడు. చెబుతూ చేయి పైకెత్తుతాడు. అతని నీడ వెనుక గోడ మీద పెద్దదై పడుతుంది. మాటలు పూర్తయ్యేవేళకు క్వాద్రి మూసిన కిటికీని తెరుస్తాడు. వెలుగు గోడను ముంచెత్తుతుంది, క్లెరిచి నీడ గోడ మీది నుంచి చెరిగిపోతుంది. మనిషి అక్కడే నిలబడి ఉంటాడు, నీడ ఉండదు.

ఈ దృశ్యంలో ఎవరూ మనకు ఏమీ వివరించరు. సంభాషణలో గుహ కథ ఉంది గానీ, ఆ కథలోని ఖైదీ ఎవరో చెప్పినది వెలుగే. ఇంకొకచోట, పెళ్లికూతురి ఇంట్లో కిటికీ పట్టీల మధ్య నుంచి పడే వెలుగు చారలూ, ఆమె వేసుకున్న నలుపు-తెలుపు చారల దుస్తులూ కలిసి గదినంతా ఒక పంజరంగా మార్చేస్తాయి. రోమ్‌లోని దృశ్యాల్లో వెలుగు కోసుకుపోయినట్టు, లోపలికీ బయటికీ పొత్తు లేనట్టు ఉంటుంది. పారిస్ చేరాక నీలం పరుచుకుని ఆ హద్దులు మెత్తబడతాయి. కథానాయకుడు ఎక్కడ ఊపిరి పీల్చుకోగలడో, ఎక్కడ పీల్చుకోలేడో మన కంటికి ముందే తెలిసిపోతుంది.

రోమువాసి

తైలవర్ణం గారి మాటలు చదివాక, నేను ఇక్కడ చూసినదొకటి రాయాలనిపించింది. ఉద్యోగం నిమిత్తం రోమ్‌లో ఉంటున్నాను. స్టొరారో తన గురువుల్లో మొదట చెప్పే పేరు పాతకాలపు ఇటలీ చిత్రకారుడు కరవాజ్జోది. ఆయన గీసిన 'సెయింట్ మాథ్యూకు పిలుపు' అనే చిత్రం పియాత్సా నవోనాకు దగ్గరలోని సాన్ లూయిజి దేయి ఫ్రాంచేసి చర్చిలో, ఎడమవైపు చివరి మందిరంలో ఉంది. 1599-1600లో గీసినది. లోపలికి వెళ్తే మొదట ఏమీ కనిపించదు. పక్కన చిన్న పెట్టె ఉంటుంది, అందులో నాణెం వేస్తే దీపం వెలుగుతుంది. కొద్ది నిమిషాల్లో ఆరిపోతుంది. మళ్లీ ఎవరైనా నాణెం వేసేదాకా అందరూ చీకట్లో నిలబడి ఉంటారు.

నేను వరుసగా నాలుగు నాణేలు వేశాను. బొమ్మలో సుంకం వసూలుచేసే మాథ్యూ బల్ల దగ్గర కూర్చుని ఉంటాడు, కుడివైపు నుంచి క్రీస్తు చేయి చాపుతాడు. వెనుక గోడకు ఒక కిటికీ ఉంది గానీ దాని నుంచి రవ్వంత వెలుగు రాదు. అసలు వెలుగు క్రీస్తు తలపై నుంచి, కుడివైపున, బొమ్మలో కనబడని చోటు నుంచి ఏటవాలుగా వచ్చి బల్ల చుట్టూ ఉన్న ముఖాలను ఒక్కొక్కటిగా తాకుతుంది. కొందరు తలెత్తి చూస్తారు. ఒక కుర్రవాడు మాత్రం తల దించుకుని డబ్బు లెక్కపెట్టుకుంటూనే ఉంటాడు, అతని ముఖం చీకట్లోనే ఉండిపోతుంది. మూడోసారి దీపం ఆరినప్పుడు నాకు 'అపోకలిప్స్ నౌ'లో చీకట్లో కనిపించే సైనికాధికారి కర్ట్జ్ గుర్తొచ్చాడు. 2008లో కరవాజ్జో జీవితం మీద ఇటాలియన్ టెలివిజన్ తీసిన ధారావాహికకు ఛాయాగ్రహణం చేసినది స్టొరారోయేనని తరువాత తెలిసింది.

తెరవెనుక

రోమువాసి గారూ, మీరు కర్ట్జ్ పేరెత్తడం సరిగ్గా సమయానికి జరిగింది.

1976 మార్చిలో ఫిలిప్పీన్స్‌లో మొదలైన ఆ షూటింగు మే నెల తుపానులో సెట్లు కొట్టుకుపోయి ఆగి, మళ్లీ మొదలై, 1977 మే దాకా సాగింది. కెమెరా బృందం ఇటలీ నుంచి వచ్చింది, తీసిన ఫిల్మును కడగడానికి రోమ్‌కు పంపేవారు. కర్ట్జ్ పాత్ర వేసిన మార్లన్ బ్రాండో అనుకున్నదానికంటే చాలా లావుగా వచ్చాడు. అడవిలో ఎండిపోయిన సైనికాధికారిగా అతణ్ని నిండు వెలుగులో చూపడం కుదరదు. కప్పోలా, స్టొరారో కలిసి ఆ ఇబ్బందినే పాత్ర స్వభావంగా మలిచారు. మొదట ఒక గొంతు వినిపిస్తుంది. తరువాత చీకట్లోంచి గుండు, దాని మీద బంగారు రంగు వెలుగు. చేయి నీళ్లు తీసుకుని తల మీద పోసుకుంటుంది, నీటిబొట్లు వెలుగులో మెరిసి మళ్లీ నల్లబడతాయి. ముఖం సగం తేలుతుంది, మునుగుతుంది. ముఖమంతా ఒక్కసారిగా చూసే అవకాశం ప్రేక్షకుడికి ఎక్కువసేపు ఇవ్వరు.

ఒక సంస్కృతి మరొకదాని మీద తనను తాను రుద్దుకోవడమే ఈ కథకు మూలమని స్టొరారో భావించారు. అందుకే అడవి సహజ వెలుగు మీదికి ఎక్కడికక్కడ కృత్రిమమైన వెలుగు దాడి చేస్తూ ఉంటుంది: పచ్చని చెట్ల నడుమ ఊదా, పసుపు పొగలు, దో లుంగ్ వంతెన దగ్గర రాత్రంతా పేలే మంటలు, దీపాల దండలు. ఆ వంతెన దృశ్యాన్ని రెండు ప్రతుల్లోనూ చూశాను. కత్తిరించిన ప్రతిలో వెలుగు అంతే ఉంది గానీ, వెలుగు చుట్టూ ఉన్న చీకటి తగ్గింది. నాకు లోటుగా తోచినది ఆ చీకటే.

మూడోకన్ను

నేను సినిమాల రంగులూ వెలుగునీడలూ కంప్యూటరులో సరిదిద్దే డిజిటల్ కలరిస్టుగా హైదరాబాదులో పనిచేస్తున్నాను. స్టొరారో వైపు నుంచి కూడా ఆలోచించమని మనవి.

1998లో ఆయన 'యూనివిజియం' అనే పద్ధతిని ప్రతిపాదించారు. ఆయన బాధ ఏమిటంటే, ఛాయాగ్రాహకుడు వెడల్పైన తెర కోసం ఒక ఫ్రేము కూరుస్తాడు, అదే చిత్రం టెలివిజన్‌కు వెళ్లగానే ఎవరో తెలియని ఉద్యోగి ఒకరు రెండు పక్కలా కోసేస్తారు, లేదా ఫ్రేము లోపల బొమ్మను అటూ ఇటూ జరుపుతారు. ఆనాటి టీవీ ప్రతుల్లో ఇది నిత్యం జరిగేదే. రాబోయే కాలంలో థియేటరుకు 2.20 నిష్పత్తిగల 65 ఎం.ఎం., ఇంటికి 1.78 నిష్పత్తిగల హై డెఫినిషన్ తెర ఉంటాయని ఊహించి, రెంటికీ నడుమనున్న 2:1ను అందరూ ఒప్పుకుంటే ఎక్కడ వేసినా ఎవరూ కత్తి పెట్టాల్సిన పని ఉండదని ఆయన వాదన. ఒక్కో ఫ్రేముకు ఫిల్ము అంచున ఉండే రంధ్రాల లెక్కన నాలుగింటి పొడవు బదులు మూడింటి పొడవు చాలు కనుక ఫిల్ము ఖర్చు కూడా నాలుగోవంతు తగ్గుతుంది. దర్శకుడు కార్లోస్ సౌరాతో చేసిన 'టాంగో' (1998)ను అలాగే తీశారు, అది చూస్తే ఎక్కడా ఇరుకు అనిపించదు. ఇప్పుడు స్ట్రీమింగులో వచ్చే ఎన్నో ధారావాహికలు, 'హౌస్ ఆఫ్ కార్డ్స్', 'స్ట్రేంజర్ థింగ్స్' సహా, 2:1లోనే ఉన్నాయి. అప్పటి ఆయన ఊహ సరైనదని తేలింది.

పాత చిత్రాలను కూడా ఆ కొలతకు తెచ్చేశారు కదా అంటారేమో. దాని వెనుక ఉన్నది తన పని పరాయి చేతుల్లో చెడిపోకూడదన్న ఆరాటమే.

రసాయనశాల

మూడోకన్ను గారూ, ఆరాటాన్ని నేను అర్థం చేసుకోగలను. మా ల్యాబులోనే, ఒక పంపిణీదారు తొందరపెట్టినందున సరిచూడకుండా పంపిన ప్రింట్లు పచ్చబడి కనిపించాయని ఒక ఛాయాగ్రాహకుడు కళ్లనీళ్లు పెట్టుకోవడం చూశాను. అయితే మీరు చెప్పిన రెండు విషయాలు వేరువేరు. 'టాంగో'కు 2:1 అనేది షూటింగు నాడే వ్యూఫైండరులో గీసుకున్న గీత. 'అపోకలిప్స్ నౌ'కు ఆ గీత లేదు. వెడల్పైన బొమ్మను అడ్డంగా నొక్కి ఫిల్ము మీద పట్టే అనమార్ఫిక్ లెన్సులతో, వెడల్పు తెరనే మనసులో పెట్టుకుని ఆపరేటరు కెమెరా తిప్పాడు, దర్శకుడు నటులను నిలబెట్టాడు, కళాదర్శకుడు సెట్టు వేశాడు. ఆ అంచుల మీద వారందరి పని ఉంది.

ఇ.ఎన్.ఆర్. విషయంలో నాకు ఈ సందేహం రాలేదు. ఎందుకంటే అక్కడ ఆయన ఉన్నదాన్ని నిలబెట్టడానికి ప్రయత్నించారు, వెండిని పోనివ్వలేదు. ఇక్కడ ఉన్నదాన్ని తీసేశారు.

వెన్నెలరీలు

ఆలస్యంగా చేరుతున్నందుకు మన్నించండి. రసాయనశాల గారితో ఏకీభవిస్తూనే, దీనికి మూలం ఇంకా వెనక ఉందని నా అభిప్రాయం. స్టొరారోకు 'డైరెక్టర్ ఆఫ్ ఫొటోగ్రఫీ' అన్న మాట ఇష్టం లేదు. ఒక చిత్రానికి దర్శకుడు ఒక్కడే ఉంటాడనీ, తనను 'సినిమాటోగ్రాఫర్' అనాలనీ అంటారు. పైకి వినయంలా కనిపించినా, దాని వెంటనే వచ్చే రెండో మాట కూడా ఉంది: ఛాయాగ్రాహకుడు చిత్రానికి సహరచయిత, వెలుగుతో రాసేవాడు. తన పుస్తకాలకు కూడా 'వెలుగుతో రాయడం' అనే అర్థం వచ్చే పేరే పెట్టుకున్నారు. రచయిత తన పుస్తకాన్ని రెండో ముద్రణలో దిద్దుకోవచ్చు కనుక తాను కూడా దిద్దుకోవచ్చని ఆయన అనుకుని ఉండాలి.

ఈ రచయిత భావన ఆయన్ను ఎంత ఎత్తుకు తీసుకెళ్లిందో 'ద లాస్ట్ ఎంపరర్' చూస్తే తెలుస్తుంది. చైనా చివరి చక్రవర్తి పూయీ జీవితాన్ని ఇంద్రధనుస్సులోని రంగుల వరుసలో నడిపించారు. రైల్వేస్టేషనులో అతడు మణికట్టు కోసుకున్నప్పుడు కనిపించే ఎరుపుతో జ్ఞాపకాలు మొదలవుతాయి. అక్కడి నుంచి నారింజ, చక్రవర్తికి మాత్రమే చెల్లే పసుపు, తరువాత స్కాట్లండ్‌వాడైన గురువు జాన్‌స్టన్ రాకతో ఆకుపచ్చ. చక్రవర్తి ప్రాసాదమైన నిషిద్ధ నగరంలో పెరిగే పిల్లవాడి మీద నేరుగా ఎండ పడనివ్వరు, గొడుగులూ గోడలూ ఎప్పుడూ అడ్డుగా ఉంటాయి. చదువుతో పాటే వెలుగు దగ్గరవుతుంది. ఈ లెక్క తెలియని ప్రేక్షకుడు కూడా కదిలిపోతాడు.

అదే భావన కొన్నిచోట్ల చిత్రాన్ని మించిపోయిందని కూడా ఒప్పుకోవాలి. వుడీ ఆలెన్‌తో చేసిన 'వండర్ వీల్' (2017)లో, కోనీ ఐలాండ్ ఇంట్లో కేట్ విన్‌స్లెట్ మాట్లాడుతూ ఉండగానే ఆమె ముఖం మీద నారింజ వెలుగు నీలంగా మారుతుంది, మళ్లీ మారుతుంది. ఆమె నటన అప్పటికే చెప్పిన సంగతిని దీపం మరొకసారి చెబుతుంది. 'ద కన్ఫార్మిస్ట్'లో కిటికీ తెరిస్తే వెలుగు వచ్చింది, తెరవడానికి కథలో కారణం ఉంది. ఇక్కడ వెలుగు మారడానికి కారణం సిద్ధాంతం మాత్రమే అనిపించింది.

తైలవర్ణం

వెన్నెలరీలు గారి విమర్శను గౌరవిస్తూనే, కొంచెం విభేదిస్తాను. షాటు నడుస్తుండగా వెలుగును మార్చడం ముసలితనంలో పుట్టిన అలవాటు కాదు. కప్పోలాతో చేసిన 'వన్ ఫ్రమ్ ద హార్ట్' (1982)లో లాస్ వేగాస్ నగరాన్ని మొత్తం స్టూడియోలో కట్టి, దీపాలన్నిటినీ ఒక డిమ్మరు బల్లకు కలిపి, పాటకు తాళం వేసినట్టు వెలుగును పెంచుతూ తగ్గిస్తూ తీశారు. చిత్రం ఘోరంగా నష్టపోయింది. అయినా ఆ ప్రయత్నాన్ని ఆయన వదల్లేదు. 'డిక్ ట్రేసీ' (1990)లో కామిక్ పుస్తకపు కొద్దిపాటి రంగులకే కట్టుబడి చూపారు, సౌరా నృత్యచిత్రాల్లో తెరల వెనుక నుంచి వెలుగు నింపి చూపారు.

డెబ్బై అయిదేళ్లు దాటాక 'కఫే సొసైటీ' (2016)తో మొదటిసారి డిజిటల్ కెమెరా పట్టుకున్న మనిషి ఆయన. ఆ వయసులో కొత్త పనిముట్టు దగ్గర విద్యార్థిలా కూర్చోవడం నాకు ఎంతో పెద్ద విషయం. ఆలెన్‌తో పన్నెండు చిత్రాలు చేసిన ఛాయాగ్రాహకుడు కార్లో ది పాల్మా కూడా ఇటలీవాడే. ఆయన వెలుగు మెత్తన, తనను తాను దాచుకునే రకం. స్టొరారో వెలుగు తన ఉనికిని చెప్పుకునే రకం. రెండూ ఒకే సంప్రదాయంలోంచి వచ్చాయి.

మనకు దగ్గరి సంగతి ఒకటి: మజీద్ మజీదీ తీసిన 'ముహమ్మద్: ద మెసెంజర్ ఆఫ్ గాడ్' (2015)కు ఛాయాగ్రహణం స్టొరారోది, సంగీతం ఏ.ఆర్. రహమాన్‌ది. రహమాన్ కోసం ఆ చిత్రం చూసిన మన మిత్రులు ఈసారి ధ్వని తగ్గించి పది నిమిషాలు చూడండి.

మూడోకన్ను

రసాయనశాల గారి మాట మీద రెండు రోజులు ఆలోచించాను. ఆపరేటరు, కళాదర్శకుడు, దర్శకుడు అని మీరు రాసిన వాక్యానికి నా దగ్గర జవాబు లేదు. వృత్తిలో నాకు కూడా ఇదే ఎదురవుతుంది. పాత చిత్రం పునరుద్ధరణకు వచ్చినప్పుడు, అప్పటి ఛాయాగ్రాహకుడే పక్కన కూర్చుని, ఈ నీడ అప్పుడు నాకు నచ్చలేదు, ఇప్పుడు తేల్చేయండి అని అడుగుతారు. చేతిలో మీట ఉంది, అడిగినది ఆ బొమ్మ తీసినవారే. తేల్చేస్తాను. ఇకమీదట పాత ప్రింటును ఒకసారి తెప్పించి, పక్కన పెట్టి చూపించి, ఆ తరువాతే చేయి వేస్తాను.

తెరవెనుక

చర్చలో పాల్గొన్న అందరికీ ధన్యవాదాలు. నిన్న రాత్రి మా సొసైటీలో 2.35 ప్రతినే వేశాము. మాది బడి హాలు, గోడకు కట్టిన తెర అంత వెడల్పు లేదు. బొమ్మ పూర్తిగా పట్టాలంటే ప్రొజెక్టరును ముందుకు జరిపి బొమ్మను చిన్నది చేయాల్సి వచ్చింది, పైనా కిందా తెల్లటి తెర మిగిలింది. ఒక సభ్యుడు ఇంట్లోంచి రెండు నల్ల దుప్పట్లు తెచ్చి ఆ మిగిలిన భాగాలను కప్పాడు. వంతెన దృశ్యం వచ్చేసరికి దుప్పటి నలుపుకూ బొమ్మలోని నలుపుకూ మధ్య గీత కనిపించకుండా పోయింది. వెనక వరుసలో కూర్చున్న పిల్లవాడొకడు, ఆ మంటలు గోడ మీద ఎంతవరకు ఉన్నాయని వాళ్ల నాన్నను అడిగాడు.

వచ్చే నెల 'ద కన్ఫార్మిస్ట్' వేస్తున్నాము. తైలవర్ణం గారూ, వీలైతే ఆ రోజు మా ఊరు రండి, కిటికీ దృశ్యానికి ముందు మీరు రెండు మాటలు చెబితే బాగుంటుంది.